చెలమ గట్టు మీది చెప్పులు

“ముక్కులో ఇసుక లేదన్నా,” అంది రాహేలమ్మ. “నోట్లో లేదు. కనురెప్పల మీద ఉండాది, చెవుల్లో ఉండాది, జుట్టులో ఉండాది. ముక్కులో మాత్రం ఒక్క రేణువు లేదు. పోలీసోళ్లు రాకముందే నా కొంగుతో నేనే తుడిసినా.”

జమాల్ బాషా టీ గ్లాసు కింద పెట్టాడు.

ముప్పై ఏళ్లు కర్నూలు కోర్టులో అమీనాగా సమన్లు మోసిన మనిషి ఆయన. తలుపు చాటున నక్కినవాళ్లను, ఊళ్లో లేరని పెళ్లాం చేత చెప్పించినవాళ్లను, ఫలానావాడు చచ్చిపోయాడని తన గడపలో తానే నిలబడి చెప్పిన ఫలానావాణ్ణి కూడా చూశాడు. రిటైరయ్యాక కల్లూరులో ఇంటి ముందుగదికి డిటెక్టివ్ ఏజెన్సీ అని బోర్డు తగిలించుకున్నాడు. అబద్ధం వచ్చి కూర్చునే చోటు ఆయనకు బాగా తెలుసు. ఈ ఇల్లాలి మాటలో అది లేదు. ఇసుక మీద పడి ఊపిరాడక పోయిన మనిషైతే ఆఖరి ఊపిరికి ఇసుకే పీల్చి ఉండాలి.

“ఇంగేమన్నా చూసినావామ్మా?”

“రొమ్ము.” ఆమె తన ఎడమ పక్కటెముకల మీద చెయ్యి పెట్టుకుంది. “ఈ పక్క లోపలికి పోయినట్టుండాది. సి.ఐ. సారును అడిగితే, ఇసుక బరువమ్మా అన్యాడు. ఈ ఏటి గట్టునే పుట్టి పెరిగినదాన్ని, నాకు తెల్దా అన్నా ఇసుక బరువు?”

రాహేలమ్మ మొగుడు లాజరు. వేంపల్లె అవతల పాపాఘ్ని ఒడ్డునున్న ఈ రేవుపల్లెలో మూడెకరాల రైతు. ఏరు ఎండితే ఇసుకలో చెలమ తీసుకుని తాగే ఊరు ఇది. ఒకప్పుడు మోకాలు లోతు తీస్తే ఊరే నీళ్లు, ఇసుక అమ్ముకునే బొజ్జన్న ట్రాక్టర్లు దిగినాక నిలువెత్తు లోతుకు పోయాయి. లాజరు హైకోర్టుకు పోయాడు. ఊరి పొలిమేరలో ఏట్లోకి బండి దిగరాదని ఉత్తర్వు తెచ్చుకున్నాడు. ఉత్తర్వు కాగితం మీద ఉండిపోయింది, ట్రాక్టర్లు సందెపొద్దుకు దిగుతూనే వచ్చాయి. అప్పుడు కోర్టు ధిక్కరణ కేసు వేశాడు. ఆ కేసులో తాసీల్దారూ, సి.ఐ. నాగరాజూ సోమవారం స్వయంగా వచ్చి జడ్జి ముందు నిలబడాలి.

గురువారం తెల్లారి నీళ్లకు పోయిన ఆడవాళ్లకు చెలమలో, ఇసుక కింద లాజరు శవమై దొరికాడు. శుక్రవారం మట్టి చేశారు. ఆ సాయంత్రానికే అవతలి పక్షం జవాబు తయారైంది. పిటిషనరే దొంగచాటుగా ఇసుక తవ్వుతూ గట్టు విరిగిపడి చనిపోయాడని.

లాజరు తరఫు అడ్వకేటు ఫిరోజా ఆ ముక్క జమాల్ బాషాకు ఫోన్లో చదివి వినిపించింది. “చాచా, ఇది రికార్డులోకి ఎక్కితే కేసు పోతుంది. అంతకు ముందే ఆ మనిషి పరువు పోతుంది. నువ్వు ఒకసారి పోయి చూసిరా,” అంది. శనివారం మధ్యాహ్నానికి జమాల్ బాషా ఈ వసారాలో కూర్చున్నాడు.

“కేసు గెల్సేది ఓడేది నాకు తెల్దన్నా,” రాహేలమ్మ కొంగు మెలితిప్పుతూ అంది. “ఇసుక కోసరం కొట్లాడి సచ్చిన మనిషిని ఇసుక దొంగ అని రాస్తారంట. ఆ మాట రాయనీద్దు. ఎవురు సంపినారో చెప్పు. ఎవురైనా సరే.”

“బుధవారం ఆయన ఇల్లు ఇడిసింది ఎప్పుడు?”

“ఏడు దాటింది. ట్రాక్టరు సప్పుడు ఇనపడె. సెల్లు ఎత్తుకొని లేసినాడు. జడ్జికి సూపిచ్చేదానికి ఫోటో తియ్యాల అని.”

“ఆ సెల్లు?”

“దొరకలే.”

“నీ కొడుకు?”

“జయపాలు వేంపల్లెలో వెల్డింగు షాపులో ఉండె. పని జాస్తిగా ఉండాదని ఆ రాత్రి ఆడే పండుకున్యాడు. తెల్లారినాక మేమే ఫోన్ జేసి చెప్పింది.”

గోడకు ఆ వెల్డింగు షాపువాళ్లు పంచిన క్యాలెండరు వేలాడుతోంది. జమాల్ బాషా చూపు దాని మీద ఒక క్షణం నిలిచి గడప వైపు దిగింది. గడప పక్కన టైరు చెప్పుల జత ఉంది. పక్కపక్కన సర్ది, మడమలు ఇంటికీ వేళ్ల కొసలు వీధికీ పెట్టి ఉన్నాయి.

“ఆయనవేనా?”

రాహేలమ్మ ముఖంలో వచ్చిన నవ్వు నిలవలేదు.

“ఆయనవే. స్టేషన్లో నుంచి తెచ్చి జయపాలు పెట్టినాడు. సిన్నప్పట్నుంచీ వానికదే పని. మా ఆయన ఇంటికొస్తే ఒక చెప్పు గడపకాడ, ఒకటి ఎద్దులకు మేతేసే గాడిపాట కాడ. వీడు ఎతికి తెచ్చి, జత జేసి, మొగం బయటికి తిప్పి పెట్టేటోడు. ‘మా నాయిన పొద్దున్నే పోవాల గదా’ అనేటోడు. పెండ్లీడొచ్చినా మానలే. ఇప్పుడింక ఆయన యాడికి పోతాడని? అయినా పెట్టినాడు.”

జమాల్ బాషా లేచి తన చెప్పులు తొడుక్కున్నాడు. ఏటి దారిలో క్యాలెండరు మీది నంబరుకు ఫోన్ చేశాడు.

“షాపా? ఎత్తేసి శానా దినాలాయె సార్,” అన్నారు అవతల.

ఆయన ఫోన్ జేబులో వేసుకుని, ఆ మాటను కూడా అక్కడే వేసుకున్నాడు. కొడుకు అబద్ధమాడాడంటే వంద కారణాలుంటాయి. ఒక్కటే తోస్తుందని తొందరపడకూడదు.

ఏటి గట్టున జీపు నిలబడి ఉంది. జీపుకు ఆనుకుని సి.ఐ. నాగరాజ్ నిలబడి ఉన్నాడు.

“ఏమప్పా అమీనా! కర్నూలు నుంచి ఇంతదూరం వచ్చినావే. ఇంగా సమన్లు మోస్తాండావా?”

“మోసే అలవాటు పోలేదు సార్. ఒకసారి మీకూ తెస్తి. మీరు బాత్రూములో ఉండారని చెప్పిచ్చినారు. గంట కూసుంటి. బయటికి రాకపోతిరి, ఆ తలుపుకే అంటించి పోతి.”

జీపు డ్రైవరు నవ్వు ఆపుకోలేక దగ్గాడు. నాగరాజ్ అతని వైపు చూశాడు. దగ్గు ఆగింది.

“నీకు ఈడ ఏం పని?”

“చూసే పని. మీరు చూసేసినారంట గదా, మిగిలింది చూస్తా.”

గట్టు చివర నున్నటి బండ ఉంది. దాని మీద ఆడవాళ్ల చెప్పులు నాలుగైదు జతలు. కింద ఏట్లో కొత్త చెలమ తీసుకున్నారు. నాగక్క అనే పెద్దావిడ సొరబుర్రతో నీళ్లు తోడి బిందెలో పోస్తోంది. పాత చెలమ అక్కడికి ఇరవై బారల దూరంలో, చుట్టూ కంపలు వేసి ఉంది. లాజరు దొరికినాక దాని నీళ్లు ఎవరూ ముట్టలేదు.

జమాల్ బాషా బండ మీద చెప్పులు విడిచాడు. నాగరాజ్ బూట్లతోనే దిగాడు.

“సారూ, బూట్లు!” అని అరిచింది నాగక్క. “చెలమ కాడికి కాలికేసుకొని వస్తారా? మొన్న మీవోళ్లు అట్లనే తొక్కిరి. నీళ్లు తాగే తావప్పా అది!”

“పోలీసులకు పట్టింపులుండవు లేమ్మా.”

“పట్టింపు గాదు, కట్టుబాటు. ఏ కులపోడైనా, ఏ మతమోడైనా ఈడ వొట్టికాళ్లే.”

జమాల్ బాషా ఆమె దగ్గర ఆగాడు. “అక్కా, ఇసుక తీసేదానికి పార తెచ్చుకోకపోయినారా? ఇంత లోతు చేతుల్తో తీస్తే గోర్లు పోవూ?”

“పారా!” ఆమె బుర్ర నీళ్లలోనే వదిలేసింది. “చెలమలో ఇనుము దింపుతారా ఎవురన్నా? ఊట బెదరదా? మేము బొక్కెన కూడా దించం. చేతుల్తో తీసేదే, బుర్రతో తోడేదే. లాజరు బతికుంటే నీకు మాటుండేది. మొన్న ఉగాదికి నా మనమరాలు స్టీలు చెంబు ముంచిందని అంత పొడుగు తిట్టె ఆయన.”

జమాల్ బాషా కంపలు పక్కకు జరిపి పాత చెలమలోకి దిగాడు. నిలువెత్తు గుంట. అడుగున ఇంకా చెమ్మ ఉంది. ఆయన ఇసుక గోడను కళ్ల దగ్గరగా చూశాడు. తరవాత నాలుగు పక్కలా మెల్లగా తిరిగాడు. ముసలాయన గుంటలో ప్రదక్షిణాలు చేస్తుంటే పైనుంచి సి.ఐ. ఈల వేస్తూ చూశాడు.

“సార్, గట్టు యా పక్క విరిగింది?”

“యా పక్కయితే ఏం? విరిగింది, పడింది, సచ్చినాడు.”

“ఒకసారి వొంగి చూడండి. చెమ్మ ఉన్నంత మేరా ఆడోళ్ల వేళ్ల గీతలు ఉండాయి. ఇసుక తోడేటప్పుడు పడినవి. నాలుగు పక్కలా చెక్కు చెదరలే. విరిగిన గట్టు మీద గీతలు ఎట్ల మిగులుతాయప్పా? ఆయన మీద పడిన ఇసుక గోడది గాదు. పైనుంచి ఎత్తి పోసినది.”

ఈల ఆగింది.

“పోస్టుమార్టం రిపోర్టు రానీ. నువ్వు గుంటలో దిగి రిపోర్టు రాయొద్దు.”

“రానిద్దాం. ఊపిరితిత్తుల్లో ఇసుక ఉండాదో లేదో అదీ చెప్తుంది. ఇంగొకటి. శవం పక్కన పార దొరికిందంట?”

“దొరికింది. పొడుగు కర్ర పార. లోడెత్తే పార. తవ్వేదానికి తెచ్చుకున్యాడు.”

“ఆయనింట్లో నేను చూసినవి పొట్టి కర్ర పారలు, చేలో నీళ్లు మలిపేవి. లోడెత్తే పార బొజ్జన్న ట్రాక్టర్లలో ఉంటుంది. ఈ ఊరి మనిషి ఎవుడూ చెలమలో ఇనుము దించడు. దించినోడు బయటోడు.” జమాల్ బాషా చేతులు ఊతంగా పెట్టి పైకి వచ్చాడు. “ధిక్కరణ కేసులో రెండో ప్రతివాది మీరే గదా సార్? ఏట్లోకి బండి దిగకుండా చూసుకోమని జడ్జి మీకే చెప్పె. లాజరు రొమ్ము లోపలికి పోయింది బండి తొక్కేనని తేలితే, సోమవారం మీరు అటెన్షన్లో నిలబడేది క్షమాపణ చెప్పేదానికి గాదు.”

నాగరాజ్ బూటు కొనతో ఇసుకను ఒకసారి తన్నాడు. అంతలోనే నవ్వాడు. ఆ నవ్వు జమాల్ బాషాకు నచ్చలేదు. చేతిలో ఇంకో ముక్క ఉన్నవాడి నవ్వు అది.

“శానా తెలివి నీకు. ఇది కూడా చూసి చెప్పు.” అతను తన సెల్లు తీసి ఒక ఫోటో ముందు పెట్టాడు. “గురువారం పొద్దున మా కానిస్టేబులు తీసినాడు. బండ మీద లాజరు చెప్పులు. ఎంత పద్ధతిగా ఇడిసినాడో చూడు. సంపి తెచ్చి పడేసేటోడు, కట్టుబాటు గుర్తు పెట్టుకొని శవం కాళ్లకు చెప్పులు ఇప్పుతాడా? ఇప్పినా, ఇట్ల జత జేసి పెడతాడా? తానే వచ్చినాడు, తానే ఇడిసినాడు, తానే దిగినాడు. ఇదీ కతకు ఆఖరు.”

జమాల్ బాషా ఆ ఫోటో వంక చూశాడు.

టైరు చెప్పులు పక్కపక్కన సర్ది ఉన్నాయి. మడమలు ఏటి వైపు, వేళ్ల కొసలు ఊరి వైపు. పైకి వచ్చిన మనిషి తిరగనక్కరలేకుండా కాళ్లు దూర్చి నడిచి పోయేలా.

ఒక చెప్పు గడపకాడ, ఒకటి గాడిపాట కాడ విసిరే మనిషి ఇలా విడవడు. పార దించినవాడికి కట్టుబాటు తెలియదు. చెప్పులు విప్పినవాడికి తెలుసు. ఇద్దరు మనుషులు. ఒకడు బయటివాడు. రెండోవాడు...

“ఏమప్పా, మాట పడిపాయెనే?” నాగరాజ్ సెల్లు జేబులో పెట్టుకున్నాడు. “ఇంగొకటి కూడా ఇను. లాజరు వారసుడు జయపాలు కేసు వాపసు తీసుకుంటా అన్యాడు. సంతకం పెడతాడు. వానికి లేని బాధ నీకేంది? కర్నూలు బస్సు అయిదున్నరకు ఉండాది. పో.”

జమాల్ బాషా బండ దగ్గరికి పోయి తన చెప్పులు తొడుక్కున్నాడు. ఓడిపోయాడనుకుని సి.ఐ. జీపెక్కాడు. గెలిచింది తానేనని జమాల్ బాషాకు తెలుసు. అలాంటి గెలుపు పగవాడికి కూడా వద్దనుకున్నాడు.

ఆయన మళ్లీ ఆ ఇంటికి వచ్చేసరికి ఎండ గోడెక్కింది. జయపాల్ వసారా మెట్టు మీద కూర్చుని ఉన్నాడు. పాతికేళ్లు దాటిన పిల్లవాడు, గడ్డం చేసుకోలేదు, కళ్లు లోపలికి పోయాయి. లోపల రాహేలమ్మ టీ కాస్తున్న చప్పుడు వినిపిస్తోంది.

జమాల్ బాషా అతని పక్కనే మెట్టు మీద కూర్చున్నాడు. అమీనాగా ఉన్నన్నాళ్లూ ఆయన ఒక పద్ధతి పాటించాడు. చెడు కబురు నిలబడి చెప్పకూడదు.

“వెల్డింగు షాపు మూసినాక మీ నాయినకు యాల చెప్పలేదు నాయినా?”

జయపాల్ తల తిప్పలేదు. “బోరు ఎండిపాయె. షాపు పాయె. ఏం పని జేస్తాండావురా అంటే ఏం చెప్పల్ల?”

“ట్రాక్టరు తోల్తాండా అని చెప్పొచ్చు గదా.”

“ఎవురి ట్రాక్టరు అంటే?”

జమాల్ బాషా గొంతు ఇంకా తగ్గించాడు.

“చెప్పులు ఎప్పుడు ఇప్పినావు అబ్బీ? దింపకముందా, దింపినాకా?”

జయపాల్ రెండు చేతులూ మోకాళ్ల మధ్య దూర్చుకున్నాడు.

“దింపకముందే.” అంతే అన్నాడు. తరవాత, పైపు పగిలినట్టు, ఆగకుండా వచ్చింది. “లోడు నిండినాక రివర్సు తీస్తాండా. లైట్లు ఆర్పేసి తోలాల, పోలీసులకు గాదు, మా నాయినకు కనపడకుండా. ఆయన ఎనక నిలబడి ఫోటో తీస్తాండాడని నాకు తెల్దు బాషన్నా. సప్పుడు గాలే. బండి ఒకసారి ఎగిరె. దిగి చూస్తి. సెల్లు టైరు కింద నుగ్గు నుగ్గయి ఉండె. నాయిన ఉండాడు, పానం ఉండాది. నా మొగం చూసినాడు. ‘నువ్వా’ అన్యాడు. తిట్టలే. నువ్వా, అన్యాడు అంతే.”

జమాల్ బాషా అతని వీపు మీద చెయ్యి వేశాడు.

“ఆస్పత్రికి పోదామంటి. ట్రాలీలో ఏసుకొని పోదామంటి. బొజ్జన్న మనుషులు ఇద్దరుండిరి, ఒకడు బండి తాళం పీక్కున్యాడు. బొజ్జన్నకు ఫోన్ జేసినారు. ఆయన మాట్లాడతానే ఉండె, మాట్లాడతానే ఉండె. ఆ మాట అయిపోయేసరికి మా నాయిన అయిపాయె.”

“ఆ తర్వాత చెలమకు మోసినారు.”

“వాళ్లు బూట్లతో దిగినారు. నేను నాయినను పట్టుకొని వొట్టికాళ్లతో దిగబోతి. నాయిన కాళ్లకు చెప్పులు ఉండాయి. చెలమలోకి చెప్పులతో ఎట్ల దింపేది బాషన్నా? ఆయన ఒప్పుకుంటాడా? ఇప్పి బండ మీద పెట్టినా. ఎట్ల పెట్టినానో నాకు గుర్తు లేదు.”

“నాకు తెలుసు ఎట్ల పెట్టినావో,” అన్నాడు జమాల్ బాషా.

వెనక గ్లాసు కింద పడింది.

రాహేలమ్మ గడపలో నిలబడి ఉంది. టీ ఆమె పాదాల మీదుగా పారుతోంది. కాలిందన్న గమనింపు కూడా లేదు. ఎంతసేపటి నుంచి అక్కడుందో ఎవరూ అడగలేదు, ముఖం చూస్తే అడగనక్కరలేదు. జయపాల్ లేవబోయి లేవలేక మెట్టు మీదే ఆమె వైపు తిరిగి తల వంచాడు.

కొట్టబోతుందని జమాల్ బాషా అనుకున్నాడు. ఆమె చెయ్యి లేచింది, కొడుకు తల మీద పడింది, జుట్టు గట్టిగా పట్టుకుంది, అలాగే ఉండిపోయింది. అది దెబ్బో ముద్దో ఆమెకే తెలిసినట్టు లేదు.

“అమ్మా,” అన్నాడు జమాల్ బాషా. “నువ్వు ఎవురైనా సరే అంటివి. ఆ మాట ఈ పిల్లోన్ని చూసి అన్న మాట గాదు. వద్దంటే నేను కర్నూలు బస్సెక్కుతా. ఫిరోజాకు ఏం దొరకలేదని చెప్తా. సెల్లు లేదు, సాక్షి లేడు. వీడు నోరు తెరిస్తేనే నీ మొగుడు దొంగ గాదని తేలేది. బండి ఏట్లో దిగిందని తేలేదీ అప్పుడే. తెరిస్తే వీడు జైలుకు పోతాడు. బొజ్జన్న ఊరికే ఉండడు.”

“సంతకం పెట్టిచ్చుకునేదానికి వస్తారంట,” జయపాల్ నేలను చూస్తూ అన్నాడు. “రేపు గాదు, ఈ పొద్దే. పెట్టినాక నన్ను బళ్లారిలో ఉంచుతారంట.”

“ఉంచుతారా, పూడుస్తారా?” అంది రాహేలమ్మ.

ఊరి మొదట్లో జీపు గేరు మార్చిన చప్పుడు వినిపించింది. దాని వెనక ఇంకో బండి కూడా వస్తోంది.

రాహేలమ్మ కొడుకు జుట్టు వదిలింది. గడప పక్కకు పోయి వంగి లాజరు చెప్పులు రెండూ ఎత్తుకుంది. వాటి అడుగున ఇంకా ఏటి ఇసుక అంటుకుని ఉంది, దాన్ని చేత్తో తుడవలేదు. తెచ్చి కొడుకు ముందు పక్కపక్కన సర్దింది. మొగం వెనకవాకిలి వైపు తిప్పింది.

“బాషన్నా, సోమవారం కోర్టులో పేరు పిలుస్తారు గదా? మూడు మార్లు పిలుస్తారంట.”

హైకోర్టులో అలా మూడుసార్లు కేకెయ్యరని జమాల్ బాషాకు తెలుసు.

“పిలుస్తారమ్మా,” అన్నాడు.

“లాజరూ అని పిలిస్తే ఎవురో ఒకరు పలకాల.” కొడుకు గడ్డం పట్టుకుని ముఖం పైకెత్తింది. “నువ్వు పలుకు నాయినా. ఆ పొద్దు నీ మొగం చూసి ‘నువ్వా’ అన్యాడే, దానికి ఈడ బదులు చెప్పలేదు గదా నువ్వు. ఆడ చెప్పు. తొడుక్కో.”

జయపాల్ కాలు చాచాడు. పెద్ద చెప్పులు. కాలు లోపల వదులుగా ఆడింది.

జీపు ఇంటి ముందు ఆగేలోపు ముగ్గురూ గడప దాటి లోపలికి వచ్చి తలుపు చేరవేశారు. “జయపాలూ!” అని నాగరాజ్ గొంతు పిలిచింది. ఎవరో వీధి తలుపు మీద కొట్టారు.

జమాల్ బాషా తల్లినీ కొడుకునూ వెనకవాకిలి వైపు చెయ్యి చూపించి పంపాడు. కండువా భుజాన సర్దుకున్నాడు. ముప్పై ఏళ్లు బయట నిలబడి ఊరూరా తలుపులు కొట్టిన మనిషి, మొదటిసారి లోపలివైపు నిలబడి, గొళ్లెం పెట్టాడు.